మౌనాచారి కుడిచేయి

గాలి యాడక వేపాకొకటియైనఁ గదలని వైశాఖమధ్యాహ్నమున, ప్రచండమార్తాండకిరణసంతప్తమై యినుపపెనమువలెఁ గాలుచున్న న్యాయస్థానప్రాంగణమును దాఁటి, సువర్ణశిల్పకళాకుశలుఁడని నాలుగూళ్లఁ బేరొందిన మౌనాచారి తన యిల్లాలు కాళికాంబతోఁ గూడ వాహనప్రమాదపరిహారములు విచారించెడి మందిరమునఁ బ్రవేశించెను. ఎండకుఁ జెమర్చినవాఁడు నీడఁ జేరినఁ దేఱుకొనవలయును గదా. ఇతఁడు నీడఁ జేరిన పిదపనే వణకఁదొడఁగెను.

గడచిన యేఁట నతఁడు సంతనుండి మరలుచుండ బండిని లారీయొకటి తాఁకఁగా, పగిలిన యద్దపుఁబెంకు కుడిమణికట్టునఁ దిగి నరమును ద్రెంచెను. గాయము మానినది. వ్రేళ్లు ముడుచుకొనుచున్నవి, చాఁచుకొనుచున్నవి. కాని బొటనవ్రేలు మొదలు నడిమివ్రేలి వఱకు స్పర్శ సమూలముగ నశించెను. పసిఁడితీఁగె సన్నమును కంటికంటె ముందు వ్రేలికొస యెఱుఁగవలసిన వృత్తికి అట్టి వ్రేళ్లు ఉండియు లేనివే. అయినను నాఁడు పరిహారమునకై పరీక్షించిన వైద్యుఁడు సూదితోఁ బొడిచి "తెలియుచున్నదా" యని యడిగినప్పుడెల్ల నీ మహానుభావుఁడు సూదివంకఁ జూచుచుఁ దెలియుచున్నదనియే బదులు చెప్పెను. చేయి చచ్చిన కంసాలికి బంగార మెవ్వఁడు నీయఁడు. కావునఁ బరిహారము కోరి పోయినవాఁడు పరువు కాపాడుకొని వచ్చెను. వైకల్యము లేదని వైద్యుఁడు వ్రాసియిచ్చెను. ఇంతకంటెఁ దెలివితక్కువ యుండునా? అయినను వానిఁ జూచి నవ్వుటకు నాకు నోరు రాదు.

తరువాత వచ్చిన పనినెల్ల నొకరికి మౌఢ్యమనియు నొకరికి కొలిమి చెడినదనియు నెపములు చెప్పి మరలించి, పొయ్యిలోఁ బిల్లి లేవని దినములు వచ్చినఁగాని యతనికి నిజము చెప్పు తెగువ కలుగలేదు. నేఁడు మందిరమున బీమాసంస్థ పక్షమున న్యాయవాది నరహరిరావు మందహాసముతో లేచెను.

"ఆచారిగారూ, వైద్యుని యెదుటఁ దెలిసిన సూదిపోటు ఇచ్చటికి వచ్చునప్పటికిఁ దెలియకపోయినదా?"

"అప్పుడు అబద్ధమాడితినండి. చేయి పోయినదన్న నా గడప యెవ్వరు త్రొక్కుదురని భయపడితిని."

"ఇప్పుడు ఆడుట లేదనుటకు సాక్ష్యమేమి?"

మౌనాచారి వెనుకకుఁ దిరిగి చూచెను. వెనుకబల్లపైఁ దనకు బంగారమిచ్చెడి షావుకార్లిరువురు చెవులు రిక్కించి కూర్చుండిరి. స్పర్శ లేదన్నఁ గొలిమి పోవును, ఉన్నదన్నఁ గూడు పోవును. ముందు నుయ్యి, వెనుక గొయ్యి.

న్యాయాధిపతి సాక్షిగా వచ్చియున్న యా వైద్యునిఁ బిలిచి, కన్నులు గట్టి మరల పరీక్షింపుఁడని యాజ్ఞాపించెను. కాళికాంబయే ముందునకు వచ్చి భర్త యుత్తరీయముతోఁ గట్టు గట్టుచు మెల్లగా, "నిజమే చెప్పుఁడు. కొలిమి యెట్లును ఆఱిపోయినది" అనెను.

ఆ చీఁకటిలో నతని భయము వేయిమడుంగులయ్యెను. ఈసారి చూచి చెప్పుటకు సూది కానరాదు. అలవాటు చొప్పున నోరు మరల బొంకునేమో యని తన నోటికిఁ దానే వెఱచుచు, నరచేయి బల్లపైఁ జాఁచి, శ్వాస బిగఁబట్టి, వైద్యుని ప్రశ్నకై యెదురుచూచెను. ప్రశ్న రాలేదు. పెదవులు తడుపుకొని, యింక నోర్వలేక యిట్లనెను.

"అయ్యా, యింకను మొదలుపెట్టరేమి? పొడుచునదేదో వేగిరము పొడువుఁడు. నాకు భయమగుచున్నది."

మూఁడువ్రేళ్ల కొసలనుండియు నెత్తురు బల్లపైఁ బొట్లుగా రాలుచుండెను. వైద్యుఁడు సూది క్రిందఁ బెట్టెను. నరహరిరావు తల వంచుకొనెను. కన్నులకు గట్టిన వస్త్రము విప్పకమునుపే, ఆలు వెక్కివెక్కి యేడ్చుటయు బయటికి నడచు షావుకార్ల చెప్పులచప్పుడును విని, తాను గెలిచితినని మౌనాచారి యెఱింగెను.