పేరుకు తగ్గవాళ్లు

ఆ ఇంట్లో పసిపిల్లని పేరు లేకుండా పెంచుతున్నారనీ, ఏ పేరన్నా తాతకి గిట్టడం లేదనీ పక్కింటి కుట్టుమిషనావిడ లాండ్రీ అతనితో అందట. అతను మడతపెట్టిన చొక్కాలతో పాటు ఆ ముక్క కూడా తెచ్చి గుమ్మంలో పెట్టి పోయాడు.

గిట్టకపోవడం అబద్ధం. పేరు లేకపోవడం మాత్రం నిజమే. ఎనిమిదో నెల నడుస్తున్నా ఆ పిల్లని 'ఇదిగో' అనే పిలుస్తున్నారు.

తాత ఉద్యోగం పిల్లల పేర్ల పుస్తకం అచ్చేసేవాళ్ల దగ్గర. ఏ పేరు ఎక్కడ పుట్టింది, దాని అర్థమేమిటి, అది సరైనదేనా అని సరిచూడటం ఆయన పని. మొదట్లో అందరిలాగే నిఘంటువులు తిరగేశాడు. ఒకటి 'ఏరు' అని అర్థం చెప్పిన పేరుకే ఇంకొకటి 'ఎడారి' అని చెప్పేసరికి ఒళ్లు మండింది. మనుషులుండగా కాగితాన్ని కాగితంతో సరిచూడటమేమిటనుకున్నాడు. అప్పటినుంచి సంచీలో మంచినీళ్ల సీసా పెట్టుకుని, ఆ పేరున్నవాళ్లను వెతుక్కుంటూ పోయి, వాళ్ల వీధిలో నిలబడి చూసి రావడం మొదలుపెట్టాడు.

పేరుకు 'సింహం' అని అర్థమున్నాయన బల్లిని చూసి కుర్చీ ఎక్కాడు. ఆ అర్థం కొట్టేసి 'కుర్చీ ఎక్కువాడు' అని రాశాడు. 'సహనం' గారు లిఫ్టు రాలేదని దాని తలుపును తన్నింది. 'తన్నునది' అని దిద్దాడు. పేరు పుట్టినచోటు అన్న గడిలో ఆ మనిషి పుట్టిన ఆసుపత్రి రాసేవాడు. యజమాని కాస్త గొణిగినా, జనం ఎగబడి కొనడంతో నోరు మెదపలేదు. పోనుపోను ఊరికి భయం పట్టుకుంది. ఆ సంచీ వీధి మలుపులో కనబడితే చాలు, 'దానం' గారు జేబులు తడుముకునేవాడు, 'చిరునవ్వు' గారు పంటినొప్పితోనే ఇకిలించేది. కుట్టుమిషనావిడ పేరుకు 'మితభాషిణి' అని అర్థం. ఆవిడ సంగతి రాయడానికి గడిలో చోటు చాల్లేదు.

ఇంతటి తండ్రి కనుకే, "నాన్న చూసి సరేనంటేనే పెడతాను" అని కూతురు బిడ్డ పుట్టిన రోజే అనేసింది. ఆ మాట ఇప్పుడు మెడకు చుట్టుకుంది. సాయంత్రం బస్సుకి ఆమె అత్తగారు దిగుతోంది. తను గడప తొక్కేలోపు పేరు పెట్టకపోతే, తన మేనత్త పేరు తగిలిస్తానని ఫోన్లోనే తేల్చి చెప్పింది.

మధ్యాహ్నం తాత చెమటలు కక్కుతూ వచ్చాడు.

"'వెలుగు'ని చూశావా నాన్నా?"

"చూశానమ్మా. కరెంటాఫీసులో చేస్తోంది. బిల్లు కట్టనివాళ్ల వైర్లు పీకే పని."

"పోనీ 'తేనె'?"

"ఆవిడ నన్ను తిట్టిన తిట్లు ఏ పుస్తకంలోనూ పట్టవు."

"అయితే మా అత్తయ్యగారి మేనత్త పేరే గతా?"

"దానికి 'మహారాణి' అని ఉంది. ఆవిడ పోయి చాలాకాలమైంది. చూడనిదాన్ని ఒప్పనీ అనలేను, తప్పనీ అనలేను."

కూతురు బిడ్డని చంకనేసుకుంది. "నాకొకటి నచ్చింది. 'వాన' అని అర్థం. పెట్టేస్తున్నాను." ఆ పేరుతో పిలిచింది. పిల్ల తల తిప్పి చూసింది.

"తిరిగి చూసినంత మాత్రాన అర్థం రుజువైనట్టు కాదమ్మా," అన్నాడు తాత, మళ్లీ చెప్పుల్లో కాళ్లు దూరుస్తూ. "ఆ పేరుగలావిడ మార్కెట్టు వెనకాల ఉంటుందట. ఇలా వెళ్లి అలా వచ్చేస్తాను."

వంటింట్లోంచి ఆయన భార్య చేతులు తుడుచుకుంటూ వచ్చింది.

"మీ పేరుకేమని ఉంది?"

"'సర్వం తెలిసినవాడు' అని," అన్నాడు తాత, కాస్త ఛాతీ విరుచుకునే.

ఆవిడ ఆయన భుజం మీది సంచీ లాగి మేకుకు తగిలించింది.

"కాపురానికొచ్చిన దగ్గర్నుంచీ పక్కనుండి చూస్తున్నాను. ఒక్కనాడైనా దిద్దమని ఎవరికైనా చెప్పానా?"