నిశ్శబ్దం కాపాడిన మనిషి

పులిసిపోయిన పెరుగు, మెత్తబడిన కూరగాయలు చెత్తబుట్టలో వేస్తూ నన్ను నేనే తిట్టుకున్నాను. షూటింగప్పుడు మాటల వెనక ఫ్రిజ్ గుర్రుమనకూడదని ఆపేయడం, సీను బాగా వచ్చిన సంబరంలో మళ్లీ వెయ్యడం మరిచిపోవడం నాకు కొత్తేం కాదు. మిగిలిపోయిన చిన్న షాటొకటి నిన్న తీసినప్పుడూ అదే చేశాను. "సినిమా కోసం ఇంటిల్లిపాదినీ పస్తులుంచేది నువ్వొక్కదానివే," అన్నాడు మా ఆయన, నేను తుడుస్తున్న అరలోనే చన్నీళ్ల సీసా వెతుక్కుంటూ.

పెళ్లి వీడియోలు, సబ్బుల ప్రకటనలు, నర్సుల మీద డాక్యుమెంటరీ, పిల్లలకి బొమ్మల సినిమా, ఏది దొరికితే అది చేశాను. రాత, కెమెరా, ఎడిటింగ్ ఒక్కొక్కటీ పడుతూ లేస్తూ నేర్చుకున్నాను. "ఏదో ఒకటి పట్టుకోక అన్నిట్లో వేలు పెడతావెందుకు?" అనేవాడు మా ఆయన. ఇప్పుడు ఈ మూడు గదుల్లోనే తీసిన నా మొదటి పెద్ద సినిమా పూర్తయింది. ఇక పేర్లు వేసి సాయంత్రంలోగా చిత్రోత్సవానికి పంపెయ్యాలి.

"అన్నిచోట్లా నీ పేరే ఉంటే నవ్వుతారు. దర్శకత్వం దగ్గర నా పేరు కూడా కలుపు. ఇన్నాళ్లూ ఓర్చుకున్నాను కదా," అన్నాడు మెల్లగా. నాకు కోపం కన్నా భయమే ఎక్కువ వేసింది. గట్టిగా అరిచే మనిషైతే కాదనడం తేలిక. కంప్యూటర్ ముందు కూర్చున్నాక అతని పేరులో మొదటి అక్షరం టైపు చేసేశాను కూడా.

"ఏం ఓర్చుకున్నావురా?" పక్కన బట్టలు మడతపెడుతున్న అత్తయ్య తలెత్తింది. "ఒకపూట మెట్ల మీద కూర్చుని అన్నం తిన్నావు, అంతేగా!"

ఆ పూట అతన్ని గుమ్మం బయట ఆపింది ఆవిడే. షూటింగ్ జరిగినన్నాళ్లూ మోకాళ్ల నొప్పులతో మెట్ల దగ్గర స్టూలేసుకుని కూర్చుంది. పక్కింటావిడనీ, పాలవాణ్నీ, కన్నకొడుకునీ నోటి మీద వేలేసి నిలబెట్టింది. ఆవిడ లేకపోతే నా సినిమాలో ఒక్క మాటా శుభ్రంగా వినపడేది కాదు. అది తలుచుకోగానే నా కళ్లు చెమర్చాయి.

కొట్టిన అక్షరం చెరిపేశాను. దర్శకత్వం దగ్గర నా పేరొక్కటే ఉంచాను. "ఓర్చుకున్నందుకు మీ పేరు కృతజ్ఞతల్లో వేశానండీ," అన్నాను. ఆ తర్వాత 'నిశ్శబ్దం కాపాడినవారు' అని కొట్టి, అత్తయ్య పేరు వేశాను.

"అదేం పని? ఏ సినిమాలోనూ చూళ్లేదే!" అన్నాడు అతను.

అత్తయ్య కళ్లజోడు పెట్టుకుని తన పేరు కూడబలుక్కుని చదువుకుంది.

"పంపించెయ్యమ్మా," అంది నా భుజం మీద చెయ్యి వేసి. "పెళ్లయిన దగ్గర్నుంచీ నన్ను నోరు మూసుకోమన్నవాళ్లే అందరూ. అందరి నోళ్లూ మూయించమన్నది నువ్వొక్కదానివే."