ఒకే తొట్టి దగ్గర పుట్టిన పాట

రేపు బడి వార్షికోత్సవం. నా రెండో తరగతి పిల్లలు పాడాల్సిన పాత వీధిపాట మాత్రం ఇంకా కలగాపులగంగానే ఉంది.

ముంచవే ముంచవే మూడుసార్లు
పిండవే పిండవే రెండుసార్లు
దులపవే దులపవే ఒక్కసారి
ఆరవే ఆరవే హాయిగా

మొదటి జట్టు ఒక వరుస ముగించగానే రెండో జట్టు మొదటినుంచి అందుకోవాలి, ఆపైన మూడోది, నాలుగోది. మావాళ్ళు వేళ్ళు లెక్కపెట్టుకుంటూ తప్పిపోయి, అందరూ ఒకే వరుస మీద పడతారు. "పొద్దున ఒక్కసారి వింటాను. కుదరకపోతే తీసేద్దాం" అని తేల్చేసింది హెడ్మిస్ట్రెస్. పాట పోతే, దాని చరిత్ర మీద నెల్లాళ్ళు బుర్ర బద్దలుకొట్టుకుని రాసిన నా ప్రసంగమూ గోవిందా.

సాయంత్రం మేడ మీద అత్తయ్య ఎప్పటిలాగే ఒక్కతే ఆ చివరి వరుస పాడుకుంటూ దుప్పట్లు ఆరేస్తోంది. నేను ప్రసంగం చదివి వినిపించాను. నా పరిశోధన ప్రకారం ముంచింది మూడు ఓడలను, పిండింది ఇద్దరు రాజుల కప్పాన్ని, దులిపింది ఒక కోటను.

అత్తయ్య నవ్వి నవ్వి కూలబడింది. "ఓడలేంటే అమ్మాయ్! దుప్పట్లు! మా లాండ్రీ పాట అది."

అత్తయ్య లాండ్రీలో ముప్పై ఏళ్ళు పనిచేసింది. వాళ్ళమ్మ, అమ్మమ్మ కూడా అక్కడే. ఈ సంగతి నాకు తెలుసు. ఒక్కసారైనా అడగాలని తోచలేదు, అంత చదువు నాది!

"నలుగురం, తొట్టి ఒకటే," అంది అత్తయ్య. "ఒకత్తి ముంచి పిండే రాయి దగ్గరికి వెళ్తేనే రెండోది తొట్టి దగ్గరికొచ్చేది. ఎవరి దుప్పటితో వాళ్ళం, ఎవరి పాట వాళ్ళది. గుమ్మంలో ఆడుకునే పిల్లలు విని వీధిలోకి పట్టుకెళ్ళారు."

"మరి లెక్క తప్పకుండా ఎలా పాడేవాళ్ళు?"

"లెక్కెందుకే? తొట్టి ఖాళీ అయిందా లేదా, కళ్ళకి కనపడదూ! కాకపోతే ఆఖరిది ఒక్కతే మిగిలిపోతుందిగా. దాన్ని ఒంటరిగా ఆరేసుకోనివ్వకూడదని మా రూలు. అందరం వెళ్ళి దండెం దగ్గర చెయ్యేసేవాళ్ళం."

మర్నాడు పొద్దున్నే సుద్దముక్కతో నేలమీద, పాటలో వరుసకొకటి చొప్పున నాలుగు గళ్ళు గీశాను. జట్టుకో తువ్వాలు ఇచ్చాను. "లెక్కపెట్టకండి. ముందు గడి ఖాళీ అయితే అందులోకి వెళ్ళి పాడండి" అన్నాను. అంతే! పాట నాలుగు పాయలుగా విడిపోయి, ఒక్కటి కూడా చిక్కుపడకుండా సాగింది. హెడ్మిస్ట్రెస్ నోరు వెళ్ళబెట్టింది.

వార్షికోత్సవం వేదిక మీద ఆఖరి జట్టు నాలుగో గడిలోకి రాగానే మిగతా పిల్లలంతా పరుగున వెళ్ళి ఆ జట్టు తువ్వాలు పట్టుకున్నారు. "ఆరవే ఆరవే హాయిగా!" అని హాలు అదిరింది. ముందు వరుసలో అత్తయ్య కళ్ళు తుడుచుకుంటూనే అందరికంటే గట్టిగా పాడింది. నా ప్రసంగం రెండు వాక్యాల్లో అయిపోయింది. ఈ పాట కట్టింది ఏ రాజులూ కాదు, బట్టలు ఉతికిన ఆడవాళ్ళు. వాళ్ళలో ఒకరు ఇక్కడే కూర్చున్నారు.

సాయంత్రం మేడ మీదినుంచి మళ్ళీ అదే వరుస వినిపించింది, ఒకే గొంతు. పెళ్ళయి ఈ ఇంటికొచ్చిన ఎనిమిదేళ్ళుగా వింటూ, ఆవిడకదో సరదా అనుకున్నాను. సిగ్గేసింది. పుస్తకం పక్కన పడేసి మెట్లెక్కి, దుప్పటి రెండో కొస పట్టుకున్నాను.

"నీకెందుకే, అలిసిపోయి వచ్చావు," అంది అత్తయ్య.

"రూలంటే రూలే అత్తయ్యా," అని పాట అందుకున్నాను.