పెద్ద వరద గీత

చరిత్ర రాసేవాళ్ళకి కళ్ళజోడు ఉంటుంది కానీ, రేవు వీధి దాకా నడిచే ఓపిక ఉండదు. ఉంటే ఈ గొడవే వచ్చేది కాదు.

ఆ చిన్న ఊరు నది ఒంపు తిరిగే చోట ఉంది. టౌన్ హాలూ, బడీ, బజారూ మిట్ట మీద. అక్కణ్ణించి ఏటవాలుగా దిగితే రేవు వీధి, అరవై ఇళ్ళు. పడవలు నడిపేవాళ్ళు, వలలు అల్లేవాళ్ళు, ఇసుక మోసేవాళ్ళు, బట్టలు ఉతికేవాళ్ళు. ఆ వీధి మొదటి ఇల్లు మేస్త్రమ్మది. తాపీ పని ఆమెకి తండ్రి దగ్గర అబ్బింది. నీటి జాడ లేని ఎగువ ఊరినుంచి కోడలిగా వచ్చింది. మొగుడు పడవ నడుపుతాడు, ఈవిడ గోడలు కడుతుంది. ఊళ్ళో సగం గోడలు ఆమె చేతి మీదుగా లేచినవే. "నూలు పోగంత తేడా వచ్చినా కూలగొట్టి మళ్ళీ కడతాను" అనడం ఆమెకి అలవాటు. ఆ మాటకి తగ్గట్టే బతికింది కూడా, అందుకే కాస్త తలపొగరు ఉందని అనుకునేవాళ్ళూ ఉన్నారు.

మున్సిపాలిటీ ఊరి చరిత్ర పుస్తకం వేయించింది. రాసింది రిటైరైన హెడ్మాస్టరు. అందులో నలభై ఏడో పేజీలో ఉంది అసలు సంగతి. నలభై ఏళ్ళ కిందటి జనాభా లెక్కల్లో రేవు వీధిలో ఒక్క కుటుంబం కూడా లేదట. ముప్పై ఏళ్ళ కిందటి లెక్కల్లో అరవై కుటుంబాలు ఉన్నాయట. కాబట్టి వీళ్ళంతా మధ్యలో ఎక్కణ్ణించో వచ్చి నది స్థలంలో గుడిసెలు వేసుకున్నవాళ్ళేనట. చైర్మన్‌కి ఆ పేజీ పండగే అయింది. నది ఒడ్డున పూలమొక్కలూ, బెంచీలూ పెట్టి పార్కు చేయాలని ఆయనకి ఎప్పట్నించో ఉంది. శుక్రవారం పుస్తకం విడుదల, ఆ వెంటనే అదే సభలో వీధి ఖాళీ చేయించే తీర్మానం. నోటీసు కాగితం మేస్త్రమ్మ గోడకే అంటించి వెళ్ళారు, వీధికి ముందున్న ఇల్లు గనక.

"నా గోడకే అంటిస్తారా!" అంది మేస్త్రమ్మ. నోటీసులో ఏముందో తర్వాత చదివింది.

బుధవారం పొద్దున్నే హెడ్మాస్టరు ఇంటికి వెళ్ళింది. ఆయన వరండాలో కాఫీ తాగుతూ, "కూర్చోమ్మా" అన్నాడు. మనిషి చెడ్డవాడు కాదు. కాగితం మీద ఉన్నదే నిజమని నమ్మే రకం, అంతే.

"మా అత్తకి అత్త ఆ ఇంటికే కోడలిగా వచ్చిందండీ. తొంభై ఏళ్ళ కిందటి పెద్ద వరద గీత మా ద్వారబంధం మీద ఉంది. వచ్చి చూడండి."

రేవు వీధిలో అదొక పద్ధతి. వరద తీశాక, గోడల మీది బురద కడగకముందే, ఇంట్లో పెద్ద ఆడమనిషి మేకు తీసుకుని ద్వారబంధం మీద నీళ్ళు వచ్చినంత ఎత్తున గీత గీసి, పక్కన ఏడాది వేస్తుంది. ఆ తర్వాతే చీపురు పట్టుకుంటారు. ప్రతి ఇంటి గుమ్మానికీ ఏడెనిమిది గీతలు ఉంటాయి.

"మేకుతో గీత నిన్న కూడా గీయొచ్చు కదమ్మా" అన్నాడు మాస్టారు మెల్లగా. "దాన్ని ఆధారం అనలేం."

మేస్త్రమ్మకి ఒళ్ళు మండింది. కానీ పని తెలిసిన మనిషి కదా, కోపం వచ్చినా చెయ్యి పనిముట్టు కోసమే వెతుకుతుంది. "టౌన్ హాలు మూడో మెట్టు పక్కన రాయి ఉంది కదండీ, ఆ ఏడాది వరద నీళ్ళు ఇక్కడిదాకా అని చెక్కినది. దాన్ని మీరు ఒప్పుకుంటారా?"

"అది సర్కారు రాయి. ఒప్పుకుంటాను."

"అయితే రేపు పొద్దున రాయి దగ్గర నిలబడండి. లెవెల్ పైపు పెడతాను. మా గుమ్మం మీది గీతా, మీ రాయి మీది గీతా ఒకే ఎత్తున తేలతాయి. కింద వీధికో నీళ్ళూ, పై వీధికో నీళ్ళూ ఉండవు కదా."

లెవెల్ పైపంటే ఏముంది, నీళ్ళు నింపిన, లోపలికి కనిపించే ప్లాస్టిక్ గొట్టం. ఎంత పొడుగున్నా రెండు కొసల్లో నీళ్ళు ఒకే మట్టాన నిలుస్తాయి. పునాదులు తీసేప్పుడు మేస్త్రీలు వాడేది అదే. గురువారం పొద్దున్న ఆమె తన గుమ్మం మీది పెద్ద వరద గీత దగ్గర ఒక కొస ఆనించింది. మరిది రెండో కొస పట్టుకుని వంద అడుగులు పైకి వెళ్ళి, నీళ్ళు ఆగిన చోట గోడ మీద సుద్దముక్కతో గుర్తు పెట్టాడు. అక్కణ్ణించి మరో వంద అడుగులు. అలా పదకొండు మజిలీలు. బట్టల దుకాణం గోడ మీద గుర్తు నడుం ఎత్తున పడింది, మందుల షాపు గోడ మీద మోకాలి ఎత్తున. షాపులవాళ్ళు బయటికొచ్చి, "ఇంత నీరా ఇక్కడ!" అని నోళ్ళు వెళ్ళబెట్టారు. మేస్త్రమ్మ నడకలో రాణీగారి ఠీవి వచ్చేసింది.

హాలు మెట్ల దగ్గర మాస్టారు తానే పైపు కొస పట్టుకున్నాడు. పక్కన చైర్మన్, ఆయన వెనక ఓ పాతికమంది. గొట్టంలో నీళ్ళు ఊగి, ఊగి, ఆగాయి.

రాతి గీతకి జానెడు పైన ఆగాయి.

చైర్మన్ పకపకా నవ్వాడు. "నూలు పోగు అంటావు కదమ్మా! ఇది తాడంత ఉందే!" వెనకున్నవాళ్ళూ నవ్వారు. మాస్టారు నవ్వలేదు, అదింకా కష్టంగా ఉంది. మేస్త్రమ్మ పైపు చుట్ట చుట్టుకుని, ఎవరి మొహమూ చూడకుండా కిందికి దిగిపోయింది. వీధిలో జనం గుమ్మాల్లో నిలబడి ఉన్నారు. తన పొగరుతో అరవై ఇళ్ళని ముంచేశానని ఆమెకి ఏడుపొచ్చింది, ఏడ్చింది కూడా.

మధ్యాహ్నం దాకా అలాగే కూర్చుని, చివరికి లేచి పైపు అందుకుంది. పక్కింటి వలల పిన్ని గుమ్మానికీ తన గుమ్మానికీ మధ్య పెట్టి చూసింది. పిన్ని ఇంటి పెద్ద వరద గీత తన గీతకన్నా జానెడు కింద ఉంది. దాని తర్వాతి వరదా జానెడే. ఆ తర్వాతిదీ జానెడే. చివరి రెండు గీతలు మాత్రం అతికినట్టు సరిపోయాయి. మేస్త్రమ్మ నెత్తి మీద చెయ్యి పెట్టుకుంది.

"అత్తా, ఈ ద్వారబంధం నేను ఎత్తించిన ఏడు నువ్వెక్కడున్నావు?"

మంచం మీంచి అత్త, "ఇరవై రెండేళ్ళయింది కదే. నీ ఆడపడుచు పురుటికి వెళ్ళాను. ఏం?" అంది.

"ఇంటి మట్టం జానెడు లేపి, బంధం కూడా జానెడు లేపాను. గీతలు దానితోపాటే లేచాయి."

అత్త లేచి కూర్చుంది. "గీతలు కిందికి దించి మళ్ళీ గీయలేదా? ఈ వీధిలో పసిపిల్లకైనా తెలుసే అది! ముందు గీతలు గోడ మీదికి ఎక్కించి, బంధం లేపి, మళ్ళీ దించుకుంటారు!"

"నాకెవరు చెప్పారు? నీళ్ళే లేని ఊరినుంచి వచ్చాను నేను."

"అడగాలి కదే, మేస్త్రీ అయిపోయావని అడగడం మానేస్తావా?" అత్త నోటికి అడ్డూ ఆపూ లేదు. తిట్టడం అయ్యాక, గొంతు తగ్గించి, "అయినా ఆ బక్క పంతులికి గీతలెందుకట? నలభై ఏళ్ళ కిందట లెక్క రాసుకున్నది అతనే కదా. కొత్తగా ఉద్యోగంలో చేరాడు. వరద నెలలో మనమంతా బడి వరండాల్లో ఉంటే, ఒక్కొక్కళ్ళనీ పిలిచి రాసుకున్నాడు. నేనే మంచినీళ్ళిచ్చాను" అంది.

మేస్త్రమ్మకి అప్పుడు తట్టింది. వరద నెలలో, నీళ్ళు ఇళ్ళలోకి వచ్చినా రాకపోయినా, వీధి వీధంతా బడిలోకి మారుతుంది, ఇప్పటికీ అంతే. ఆ నెలలో లెక్క రాస్తే రేవు వీధి ఖాళీగానే కనపడుతుంది మరి.

శుక్రవారం హాలు నిండిపోయింది. చైర్మన్ మైకు ముందు ఊరి ఘనత గురించి చెబుతుంటే బయట కలకలం వినపడింది. వలల పిన్ని గుమ్మం నుంచి మొదలుపెట్టి పదకొండు మజిలీలు దాటి, పైపు మళ్ళీ మెట్ల దగ్గరికి వచ్చింది. వెనక రేవు వీధి మొత్తం వచ్చింది. మేస్త్రమ్మ తలుపు దగ్గర నిలబడి, "మాస్టారూ, ఒక్కసారి వచ్చి పైపు పట్టుకోండి" అని కేకేసింది.

"సభ జరుగుతోంది!" అన్నాడు చైర్మన్.

మాస్టారు అప్పటికే వేదిక దిగాడు. ఆధారం అంటే ఆయనకి అంత ఆబ. పైపు రాయికి ఆనించి, వంగి చూశాడు. నీళ్ళు ఆగాయి. కళ్ళజోడు తుడుచుకుని మళ్ళీ చూశాడు. నీళ్ళు గీత మీదే ఉన్నాయి.

"మరి నిన్నటి జానెడు?" అన్నాడు.

మేస్త్రమ్మ గొంతు పెంచింది, అందరికీ వినపడాలని. "అది నా తప్పు. ఇరవై రెండేళ్ళ కిందట ద్వారబంధం ఎత్తి, గీతలు దించడం మర్చిపోయాను. దానికి ముందున్న ప్రతి గీతా సరిగ్గా జానెడే తేడా, తర్వాతివి రెండూ సరి. దొంగ గీతలు గీసేవాళ్ళు ఇంత ఓపిగ్గా తప్పు చేస్తారా? ఈ ఊళ్ళో గోడలు కట్టించుకున్నవాళ్ళంతా వినండి, మేస్త్రమ్మ తప్పు చేసింది. నేను చెప్పుకున్నాను. ఇప్పుడు మీ వంతు మాస్టారూ."

"నా వంతా?"

"నలభై ఏళ్ళ కిందట లెక్క రాసింది మీరు. ఏ నెలలో రాశారు? ఎక్కడ కూర్చుని రాశారు? మీకు మంచినీళ్ళిచ్చింది ఎవరు?"

అత్త జనంలోంచి కర్ర పొడుచుకుంటూ ముందుకు వచ్చింది. మాస్టారు ఆమె వైపు చూశాడు. ఆయన మొహం మెల్లగా పాలిపోయింది. మంచి మనిషికి తన తప్పు తెలిసిపోయిన క్షణం చూడ్డం కష్టమే, మేస్త్రమ్మకీ జాలేసింది. కానీ తల దించలేదు.

మాస్టారు వేదిక ఎక్కాడు. చైర్మన్ ఆయన చెవిలో ఏదో అన్నాడు. ఆయన వినిపించుకోకపోయేసరికి మైకు ఆపేయించాడు. ముప్పై ఐదేళ్ళు ఆఖరి బెంచీ వరకూ వినపడేలా పాఠం చెప్పిన గొంతుకి మైకెందుకు?

"బడి వరండాలో ఉన్నవాళ్ళందర్నీ బడి చిరునామా కింద రాసేశాను. వీళ్ళ ఇళ్ళెక్కడని అడగలేదు. ఆ వీధి ఖాళీగా లేదు, నేను ఖాళీ అని రాశాను. నలభై ఏడో పేజీ అబద్ధం. దాని మీద ఏ తీర్మానం చేసినా అబద్ధం మీద చేసినట్టే."

"పుస్తకం అచ్చయిపోయిందండీ!" అన్నాడు చైర్మన్.

"నా పేరుతో అచ్చయింది." మాస్టారు జేబులోంచి పెన్ను తీసి, మొదటి ప్రతి తెరిచి, నలభై ఏడో పేజీ అడ్డంగా కొట్టేశాడు. అంచున ఖాళీ చూసుకుని, మేస్త్రమ్మ వైపు తిరిగాడు. "ఈసారి అడిగి రాస్తాను. ఏ ఇల్లమ్మా మీది?"

"రేవు వీధి, ఒకటో నంబరు."

ఆమె వెనకే వలల పిన్ని, "రెండు" అంది. ఆ వెనక పడవల బాబాయి, "మూడు" అన్నాడు. ఇసుక మోసే అన్నదమ్ములిద్దరూ ఒక్కసారే, "నాలుగు" అన్నారు. తీర్మానం కాగితం చేతిలో పట్టుకుని చైర్మన్ కూర్చున్నాడు, లేచాడు, మళ్ళీ కూర్చున్నాడు. అరవై దాకా ఎవ్వరూ ఆగలేదు.