అనరాని మాట

నాన్నకు తెలిసిందే కదా తాతా అంటావేంటే అమ్మలూ? జైల్లో ఖైదీల్ని చూసే గదిలో మీ నాన్న ఒక్కడే ఉండడు. అందరూ వినాలి. మొదటినుంచీ రాయి, తొందరపడకు.

ఆ రోజు పెంకుల బట్టీ విప్పుతున్నాం. లోపల పెంకులింకా కణకణలాడుతున్నాయి. చల్లారనివ్వమంటే యజమాని వినలేదు, లారీ వచ్చి నిలబడిందట. మీ అమ్మ చేతికి చుట్టుకున్న గోనెగుడ్డ జారింది. అరచెయ్యి పెంకుకి అతుక్కుంది. లాక్కుంటే చర్మం పెంకు మీదే ఉండిపోయింది. మా తొట్టిలో చుక్క నీళ్లు లేవు. పరిగెత్తి ఆఫీసు గది ముందున్న కుళాయి కింద చెయ్యి పెట్టింది. అది వాళ్లు తాగే కుళాయి.

యజమాని బయటికొచ్చి జుట్టు పట్టి లాగి కింద పడేశాడు. మన కులం ఎత్తి ఆ మాట అన్నాడు. బట్టీ అంతా విన్నది. లారీ డ్రైవరు కూడా విన్నాడు.

అందరం స్టేషనుకు పోయాం. రైటరు కలం పట్టుకుని అడిగాడు.

"ఏమన్నాడమ్మా?"

"అనరాని మాటన్నాడయ్యా," మీ అమ్మ తల దించుకుంది.

"అదే, ఏ మాట?"

"ఎట్లా చెప్పమంటారయ్యా? అనరాని మాట!"

మేమంతా అదే అన్నాం. అతనూ అదే రాసుకున్నాడు.

నీకు తెలుసు కదా, మన ఇళ్లల్లో ఆ మాట పలకం. తాగి తన్నుకున్నా పలకం. పిల్లలు బయట విని వచ్చి పలికితే మీ నాయనమ్మ నోట్లో ఉప్పునీళ్లు పోసి పుక్కిలింపించేది. ఎన్నిసార్లు పుక్కిలించాడో మీ నాన్నను అడుగు. వాళ్లు మన మీద విసిరిన మాట మన గడప దాటి లోపలికి రాకూడదని ముసలిదాని పట్టు.

యజమాని ఊరుకున్నాడా? కోర్టుకు పరిగెత్తాడు. ముందస్తు బెయిలు అంటారు. పోలీసు చెయ్యి పడకముందే పట్టుకునే గొడుగు. కులం పేరుతో తిట్టిన కేసుల్లో అది ఇవ్వకూడదని చట్టమే చెబుతోందని మన లాయరమ్మ గొంతు చించుకుంది. అవతలి లాయరు తాపీగా లేచి ఫిర్యాదు చదివాడు. "కులం పేరుతో తిట్టినట్టు ఇందులో ఎక్కడుంది? అనరాని మాటంటే ఏ తిట్టయినా కావచ్చు. ఆ నేరమే కనబడనప్పుడు బెయిలుకు అడ్డేముంది?" అన్నాడు. ఇచ్చేశారు.

మర్నాడు యజమాని బట్టీ మధ్యలో నిలబడ్డాడు. "ఏమన్నానర్రా నేను? చెప్పండి చూద్దాం! నోట్లో ముత్యాలు దాచుకున్నారా?" అని నవ్వాడు.

మీ నాన్న ముందుకొచ్చాడు. నోరు తెరిచాడు. మాట రాలేదు. చెయ్యి లేచింది. కాలరు పట్టుకున్నాడు, అంతే. హత్యాయత్నమని కేసు. లేచిన దుమ్ము అణగకముందే జీపు. మీ నాన్నకు ముందస్తూ లేదు, వెనకస్తూ లేదు.

ఇక్కడినుంచి వాడికి తెలియదు. బాగా రాయి.

ఆ సాయంత్రం మట్టి తొక్కే గుంట దగ్గర కూర్చున్నాం. లాయరమ్మ చెప్పింది. "ఆ బెయిలు రద్దు చేయమని పై కోర్టును అడగొచ్చు. కానీ విన్నవాళ్లు విన్నది విన్నట్టు చెప్పాలి."

"వాడు బయట తిరుగుతుంటే ఎట్లా చెబుతామమ్మా? రేపు పొద్దున పనికొస్తే ఎదురుగా వాడి మొహమే," అన్నాడు బండి తోలే మీ మావయ్య.

అచ్చులు పోసే పిన్ని గయ్యిమంది. "అందుకేగా వాణ్ని బయట ఉంచింది! వాడికి జామీను పడింది ఇంకెవరో కాదురా, మన సిగ్గే!"

అందరూ మీ నాయనమ్మ వైపే చూశారు. ఆ రోజు కుళాయి పక్కనే కూర్చుని పెంకులు తట్టి చూస్తోంది కదా, అందరికంటే దగ్గరగా విన్నది తనే. మోకాళ్లు పట్టుకుని లేచింది.

"ఇంతకాలం మీ నోళ్లు కడిగించింది నేనే. ఆ మాట మనది కాదు. ఎవడిది వాడికి అప్పజెప్పొద్దూ? పదండి."

స్టేషనులో ఇన్స్పెక్టరు విసుక్కున్నాడు. "ఒక్కరు చెబితే చాలు. మిగతావాళ్లు ఇళ్లకు పొండి."

"విన్నది ఒక్కరం కాదు బాబూ," అని మీ నాయనమ్మ ఆ మాట గట్టిగా పలికింది. గోడలు విన్నాయి. రైటరు కలం ఆగిపోయింది.

"రాయి నాయనా! అన్నవాడికి లేని సిగ్గు రాసేవాడికెందుకు?"

తర్వాత మీ అమ్మ, కట్టు కట్టిన చెయ్యి బల్ల మీద పెట్టి చెప్పింది. తర్వాత పిన్ని, మావయ్య, నేను. ఒకరి తర్వాత ఒకరం, బట్టీ అంతా. కొందరు ఏడుస్తూ చెప్పారు. చెప్పకుండా మాత్రం ఎవరూ పోలేదు.

మర్నాడు బట్టీకి తాళం. గుడిసెలు ఖాళీ చేయమని యజమాని మనుషుల్ని పంపాడు. ఎవరమూ కదల్లేదు. పై కోర్టు ఏమంటుందో తెలియదు. మళ్లీ వాడికే గొడుగు పట్టొచ్చు. పట్టినా ఈసారి మేం మూగవాళ్లమని అనలేరు.

ఆ రాత్రి స్టేషను నుంచి ఇంటికొచ్చాక మీ నాయనమ్మ చెంబులో నీళ్లు తీసుకుని ఉప్పు వేసింది. కాసేపు దానివంకే చూసింది. తీసుకెళ్లి వాకిట్లో పారబోసింది.

ఆ మాట ఇందులో రాయకు అమ్మలూ. అది ఉండాల్సింది వాడి కేసులో. జైలుకు ములాఖత్‌కు వెళ్లినప్పుడు ఇదంతా మీ నాన్నకు చదివి వినిపించు. గట్టిగా చదువు, వెనకవాళ్లకూ వినబడాలి. ఆ మాట వచ్చే చోట ఆగి, మీ నాన్ననే చెప్పమను. ఈసారి ఉప్పునీళ్లు పట్టుకుని నాయనమ్మ రాదులే నాన్నా అని చెప్పు.