తొమ్మిదో కొయ్యకప్పు

ఇలా రండర్రా, పొయ్యి దగ్గరికి జరగండి. ఆ గుమ్మంలో ఎవరది? నిన్నే, లోపలికి రా. ఒకరిని బయట నిలబెట్టి ఈ కథ మొదలుపెట్టకూడదు. అందరూ వచ్చినట్టేనా? సరే, వినండి.

చలికాలం వస్తే రెండు నెలలపాటు సూర్యుడు మొహం చాటేసే మా ఉత్తరాన రావ్నా అని ఒకావిడ ఉండేది. రెయిన్‌డీర్ మందలు కాసే సామీ తెగ ఇంటి ఆడపడుచు. యాభై ఏళ్ళకే మోకాళ్ళు మొరాయించాయి. మంద వెనక పరిగెత్తలేక దాన్ని అన్నకొడుకులకి అప్పగించి, దక్షిణాది నుంచి వచ్చే యాత్రికులకి రాత్రిళ్ళు ఆకాశంలో ఆడే పచ్చటి వెలుగులు చూపించే పని పెట్టుకుంది. ఒక చిన్న బస్సు, సరస్సు ఒడ్డున ఒక డేరా, డేరా వెనక రెండు ముసలి రెయిన్‌డీర్లు, బర్చ్ చెట్టు బుడిపెలు తొలిచి చేసిన కొయ్యకప్పులు. అంతే ఆవిడ సరంజామా.

ఆ వెలుగుల ముందు ఎలా మసలుకోవాలో మా వాళ్ళకి ఉగ్గుపాలతో నేర్పుతారు. అవి పోయినవాళ్ళు. వాళ్ళు నడుస్తుంటే మనం గట్టిగా మాట్లాడకూడదు. తెల్లగుడ్డ ఊపకూడదు. పశువుల మెడలో గంటలుంటే వాటిలో ఎండుగడ్డి కుక్కాలి. అన్నిటికన్నా ముఖ్యం, ఈల వెయ్యకూడదు. ఈల వేస్తే పిలిచినట్టు. పిలిస్తే రారా మరి?

ఇంకోటుంది. మా వాళ్ళు ప్రాణమున్న దాన్ని అంకెల్లో లెక్కపెట్టరు. మీకెన్ని రెయిన్‌డీర్లు అని అడిగినవాడి మొహం మళ్ళీ చూడరు. లెక్కపెడితే తగ్గుతాయని భయం. మనుషుల్నీ అంతే. బస్సులో ఎనిమిది మంది ఉంటే రావ్నా నోట ఎనిమిది అన్న మాట రాదు. మనిషికో కొయ్యకప్పు ఇచ్చేది. తిరిగి వెళ్ళేముందు కప్పులు చూసుకునేది. కప్పులన్నీ ఉంటే మనుషులందరూ ఉన్నట్టు. పదకొండు చలికాలాలు అలాగే నడిచింది, ఒక్కనాడూ తప్పలేదు.

దారిలో బస్సు నడుపుతూ ఒక కథ కూడా చెప్పేది.

"వెనకటికి ఇక్కడొక పిల్ల మాట వినకుండా ఈల వేసింది. వెలుగులు దిగొచ్చి ఎత్తుకుపోయాయి. ఆ సరస్సు మీదే."

అంతవరకే. యాత్రికులకి ఒళ్ళు జలదరించేది, ముచ్చటపడేవాళ్ళు. ఆ పిల్ల పేరు ఇంగా అనీ, రావ్నాకి సొంత చెల్లెలనీ ఎవరికీ చెప్పలేదు. ఆ కథలో ఒక డేరా ఉందనీ, డేరాకి ఒక తలుపుందనీ అసలే చెప్పలేదు.

ఒక డిసెంబరు సాయంత్రం, ఆరు గంటలవేళ, ఎనిమిది మందిని తీసుకుని బయల్దేరింది. సున్నాకి ముప్పై డిగ్రీలు కింద ఉంది చలి. ముందు సీట్లో హాల్వార్ అనే డెబ్భై ఏళ్ళ పెద్దమనిషి, పక్కన ఆయన పెళ్ళాం గుద్రూన్. దక్షిణాన బర్గెన్ అనే ఊరి నుంచి వచ్చారు. బస్సెక్కిన దగ్గర్నుంచీ ఇద్దరికీ ఒకటే రుసరుస.

"నా ఉన్ని సాక్సులు హోటల్లోనే వదిలేశావు కదూ?" అన్నాడు హాల్వార్.

"నీ కాళ్ళకి నేనా జవాబుదారీ? నలభై నాలుగేళ్ళ నుంచి నీ సాక్సులే మోస్తున్నాను."

"మోశావులే. అన్నీ ఒంటికాలివే."

వెనక సీట్లవాళ్ళు నవ్వారు. గుద్రూన్ మాత్రం నవ్వలేదు, కిటికీ వైపు తిరిగింది. రావ్నా తన కథ చెప్పింది. హాల్వార్ పకపకా నవ్వాడు.

"మరి ఈల వేసేవాళ్ళని ఎత్తుకుపోతే మా ఊరి పోస్టుమ్యాన్ ఇంకా ఎలా ఉన్నాడమ్మా?"

"మీ ఊళ్ళో వానలెక్కువ పెద్దాయనా, వాళ్ళకి వినపడి ఉండదు. ఇక్కడ మాత్రం వద్దు," అంది రావ్నా. నవ్వుతూనే అంది గానీ చేతులు స్టీరింగుని గట్టిగా పట్టుకున్నాయి.

డేరాలో నిప్పు రాజేసి, కాఫీ కాచి, అందులో జున్నుముక్కలు వేసి అందరికీ పోసింది. పొయ్యి దేవతకని రాళ్ళ మీద ముందుగా ఒక చుక్క వొలికించింది. రెయిన్‌డీర్ల గంటల్లో గడ్డి కుక్కింది. అందరూ కప్పులు పట్టుకుని బయటికొచ్చి సరస్సు వైపు చూస్తూ నిలబడ్డారు.

వచ్చాయి. ముందు కొండ మీద పాలమీగడలా సన్నటి గీత. ఆ గీత పచ్చబడింది. పచ్చబడి, ఎవరో ఆకాశమంత చీర దులిపినట్టు ఒక్కసారి అల్లాడింది.

గుద్రూన్ తన కప్పు మొగుడి చేతిలో కుక్కింది. "పట్టుకో. నీ ఊపిరి చప్పుడు వినపడని చోటికి పోతాను," అని గుసగుసలాడి గడ్డకట్టిన సరస్సు మీద అడుగులేసుకుంటూ పోయింది. రావ్నా అప్పుడు అటువైపు ఒక ముసలావిడకి టోపీ తాళ్ళు కడుతోంది. చూడలేదు.

చేతిలో రెండు కప్పులతో నిలబడ్డ హాల్వార్‌కి ఏం బుద్ధి పుట్టిందో ఏమో. పెదాలు తడుపుకుని, మూతి ముడిచి, పొడుగ్గా ఒక ఈల వేశాడు.

వెలుగు ఆగింది. నిజంగానే ఆగింది, తలతిప్పి చూసే మనిషిలాగా. మరుక్షణం అంచున ఎర్రబారి, కొండ మీది నుంచి సరస్సు మీదికి జారింది.

రావ్నా వయసు నలభై ఎనిమిదేళ్ళు వెనక్కి పోయింది. పదమూడేళ్ళ పిల్లయిపోయింది. "లోపలికి! లోపలికి పదండి! నోరెత్తకండి!" అంటూ అందినవాళ్ళని అందినట్టు డేరాలోకి తోసింది. తలుపుగుడ్డ దించి తాళ్ళు బిగించి ముడేసింది. నిప్పు మీద బూడిద కప్పింది. గుడ్డి చీకటి. ఆ చీకట్లోనే వలయంగా కూర్చున్నవాళ్ళ చేతులు తడుముకుంటూ కప్పులు చూసుకుంది. ఒకటి, దాని పక్కన ఇంకొకటి, ఇంకొకటి. అన్నీ ఉన్నాయి. ఒక మనిషి రెండు చేతుల్లో రెండు కప్పులున్నాయని చేతి తొడుగుల వేళ్ళకి ఏం తెలుస్తుంది?

హాల్వార్‌కి పెళ్ళాం పక్కన లేదని తెలుసు. అలిగి అవతల కూర్చుందనుకున్నాడు. మాట్లాడొద్దన్నారు కదా, పిలవలేదు. పిలిచినా పలికే మనిషి కాదులే అనుకున్నాడు.

అలా ఎంతసేపో. ఊపిర్లు తప్ప ఏమీ లేవు. అప్పుడు తలుపు గుడ్డ మీద గీరిన చప్పుడు.

మెల్లగా. ఒకసారి గీరి, ఆగి, మళ్ళీ. మనిషి చెయ్యి తగిలే ఎత్తులో కాదు. కింద, నడుము కంటే కింద. ఎనిమిదేళ్ళ పిల్ల చెయ్యి తగిలే ఎత్తులో.

"ఎవరో ఉన్నారు," అని ఒకావిడ గుసగుసలాడింది.

"గాలి," అంది రావ్నా. "గాలే అది."

ఆ మాట బయటికొచ్చాక ఆవిడకి తన గొంతే భయమేసింది. ఎందుకంటే అదే మాట, అదే గొంతుతో, ఒకసారి ఇదివరకు తనకి తను చెప్పుకుంది.

నలభై ఎనిమిదేళ్ళ కిందట ఆ రోజు పెద్దవాళ్ళంతా మంద దగ్గరికి పోయారు. డేరాలో రావ్నా, ఎనిమిదేళ్ళ ఇంగా ఇద్దరే. రావ్నాది కొత్త ఎర్ర చేతితొడుగు ఒకటి ఇంగా పారేసింది. దాని మీద దెబ్బలాట. బయట వెలుగులు లేచాయి. "తొడుగులు పారెయ్యడమే వచ్చు నీకు. పిరికిదానివి. నీకు ఈల వేసే ధైర్యముందా?" అని రావ్నాయే రెచ్చగొట్టింది. ఇంగా బయటికి పోయి వేసింది. వెలుగులు కిందికి దిగాయి. రావ్నా తలుపు దించి ముడేసింది.

"అక్కా, మళ్ళీ వెయ్యనే. తలుపు తియ్యక్కా."

తియ్యలేదు. తీస్తే చెల్లెలి వెనకాలే అవీ లోపలికొస్తాయని భయం. ఇంగా నడుంపట్టీకి అమ్మ ఒక చిన్న ఇత్తడి గంట కట్టింది, ఎక్కడ తిరుగుతోందో తెలియాలని. ఆ గంట డేరా చుట్టూ ఒకసారి తిరిగింది. రెండోసారి తిరిగింది. ఆ తర్వాత సరస్సు వైపు పోయింది. "గాలి," అనుకుని రావ్నా చెవులు మూసుకుంది. పొద్దున నాన్న అడిగితే, తను నిద్రపోయానని చెప్పింది. మంచు కరిగాక నడుంపట్టీ దొరికింది. గంట దొరకలేదు.

ఇప్పుడు గీరుడు నెమ్మదించింది. ఒకటి. చాలాసేపటికి ఇంకొకటి. లోపల ఎనిమిది కప్పులూ ఉన్నాయి, అంటే బతికున్నవాళ్ళంతా లోపలే ఉన్నారు. మరి బయటున్నది ఎవరో రావ్నాకి తెలియదా? తీస్తే ఏమొస్తుందో తెలియదా? తియ్యకపోతే ఏమవుతుందో అదీ తెలుసు. నలభై ఎనిమిదేళ్ళు ఆ తియ్యకపోవడంతోనే కాపురం చేసింది.

లేచింది. బిగుసుకుపోయిన ముడి వేళ్ళకి లొంగలేదు. మొలలో కత్తి తీసి తాళ్ళు తెంపేసింది.

"రా తల్లీ," అంది చీకట్లోకి. "నీతో ఎవరొచ్చినా సరే. రా."

గుమ్మంలోంచి ఒక మనిషి లోపలికి ఒరిగిపోయింది. రావ్నా చేతులకి తగిలింది చిన్నపిల్ల కాదు. మోకాళ్ళ మీద పాకుతూ వచ్చిన పెద్ద మనిషి. కనురెప్పల మీద మంచు, మూతికి చుట్టుకున్న శాలువా గడ్డకట్టి పలకలా బిగిసింది. అందుకే గొంతు పెగల్లేదు.

నిప్పు ఎగదోశారు. వెలుగు పడగానే హాల్వార్ చేతిలో రెండు కప్పులూ కిందపడ్డాయి.

"గుద్రూన్! నువ్విక్కడ... నువ్వక్కడ కూర్చున్నావనుకున్నానే!"

మాట పూర్తిచెయ్యలేక ఆ పెద్దమనిషి పెళ్ళాం పాదాలు తన కోటు లోపల, కడుపుకి ఆనించి పెట్టుకున్నాడు. ఇంకొకరు చేతులు పట్టారు. రావ్నా చెంచాతో వేడి కాఫీ పోసింది. కాసేపటికి గుద్రూన్ పళ్ళు టకటకలాడటం మొదలుపెట్టాయి. వణుకు వచ్చిందంటే ప్రాణానికి భయం లేదన్నమాట.

"సాక్సులు సరిగ్గా లేవు నీకు, వెధవా," అంది మొగుడితో, మొదటిమాటగా. అతను ఏడుస్తూ నవ్వాడు.

తర్వాత చెప్పింది. సరస్సు మీద నడుస్తుంటే వెలుగు కిందికి దిగి కళ్ళు జిగేల్మన్నాయట. డేరా ఎటుందో, కొండ ఎటుందో తెలియలేదట. లోపల నిప్పు కూడా కనపడలేదాయె. పడింది, లేచింది. ఇంక లేవలేననుకుని కూర్చుండిపోయిందట.

"అప్పుడు గంట వినపడింది. మీ రెయిన్‌డీరో కుక్కో అనుకున్నాను. కాస్త ముందుకి పోయి ఆగుతుంది. నేను కదిలితే అదీ కదులుతుంది. దాని వెనకే పాక్కుంటూ వచ్చాను."

రావ్నాకి కుక్క లేదు. లాంతరు పట్టుకుని డేరా వెనక్కి పోయి చూసింది. రెండు రెయిన్‌డీర్లూ కట్టిన చోటే పడుకుని నెమరేస్తున్నాయి. గంటల్లో కుక్కిన గడ్డి కుక్కినట్టే ఉంది.

తిరిగొచ్చి నిప్పు ముందు కూర్చుంది. అప్పుడు చెప్పింది, ముక్కూ మొహం తెలియని ఆ ఎనిమిది మందికీ. ఎర్ర తొడుగు నుంచి మొదలుపెట్టి, పిరికిదానివన్న మాట, వేసిన ముడి, చెవులు మూసుకున్న చేతులు, నాన్నతో చెప్పిన అబద్ధం, అన్నీ. తల్లికి చెప్పలేదు, పెళ్ళాడిన మొగుడికి చెప్పలేదు, చర్చిలో చెప్పలేదు. అక్కడ చెప్పింది. హాల్వార్ టోపీ తీసి ఒళ్ళో పెట్టుకున్నాడు. "ఈల వేసింది నేను. క్షమించమ్మా," అన్నాడు. రావ్నా నిప్పులో ఇంకో కట్టె వేసింది.

గుద్రూన్ మాత్రం గుమ్మం వైపే చూస్తోంది.

"మరి ఆ పిల్లని పిలవవేం?" అంది.

"ఏ పిల్లని?"

"నన్ను తలుపుదాకా తెచ్చి గంట ఆగిపోయింది. లోపలికి రాలేదు. ఇంకా బయటే ఉంది కదా."

రావ్నా లేచి, తలుపుగుడ్డని రెండు చేతుల్తో పట్టుకుని పైకెత్తి కర్రకి కట్టేసింది. చలి బుసకొడుతూ లోపలికొచ్చింది. ఒక్కరూ ముయ్యమనలేదు. వెలుగులు పలచబడి, సరస్సు అంచున పొగలా వేలాడుతున్నాయి.

"ఇంగా," అని పిలిచింది. నలభై ఎనిమిదేళ్ళలో ఆ పేరు పెట్టి పిలవడం అదే మొదటిసారి. "ఇంగా, అక్కనే. తలుపు తీశాను. రావే."

తర్వాత డేరా వెనక నుంచి, సన్నగా, గంట. చుట్టూ ఒకసారి తిరిగింది. రెండోసారి తిరిగింది. మూడోసారి గుమ్మం ముందుకొచ్చి ఆగింది. ఇంక మోగలేదు. లోపలికొచ్చిందో, వెళ్ళిపోయిందో ఎవరూ చెప్పలేకపోయారు. బస్సెక్కేటప్పుడు రావ్నా ఒక్కొక్కరినీ పేరు పెట్టి పిలిచి, పలికాకే ఎక్కించింది. డేరా తలుపు ఎత్తే వదిలేసింది.

ఆ తర్వాత ఆవిడ ఇంకో కప్పు తొలిచింది. తొమ్మిదోది, చిన్నది, పిల్లల చేతికి సరిపోయేది. అది ఉన్నాక కప్పుల లెక్క ఎలాగూ కుదరదు. అందుకే పేర్లతో పిలవడమే అలవాటు చేసుకుంది. యాత్రికులకి పోసేటప్పుడు ఆ చిన్నకప్పు నిండా పోసి గుమ్మం లోపలివైపు పెట్టేది. మర్నాడు చూస్తే కాఫీ పోసింది పోసినట్టే గడ్డకట్టి ఉండేది. ఎప్పుడూ అంతే. అయినా పోసేది. చివరి చలికాలం దాకా ఆ డేరాకి తలుపుతాళ్ళు మళ్ళీ కట్టలేదు. చలేస్తోందని ఎవరైనా అంటే ఇంకో దుప్పటి ఇచ్చేది.

ఇదీ కథ. మీరు రేపు మీ పిల్లలకి చెప్పాలి, మర్చిపోకండి. ఈల సంగతి మర్చిపోయినా ఫరవాలేదు, అది అందరూ చెబుతారు. తలుపు సంగతి మాత్రం వదిలెయ్యకండి. పదకొండు చలికాలాలు రావ్నా దాన్ని వదిలేసే చెప్పింది, ఆ పిల్ల అన్నాళ్ళూ బయటే తిరిగింది. మీరు చెప్పేటప్పుడు తలుపు తీసి చెప్పండి. ఆ పిల్ల పేరు ఇంగా. పేరు కూడా చెప్పండి.