ఎనిమిదో ముద్ద

మూడొందల మందికి అన్నం వార్చడమంటే మాటలేటి? నాను వార్చిన గంజి కాలవంట పోయి కింద గంగులు మడిలో పడతాది. రెండేల్లు ఆ గంజి తాగిన వరి ఎలగ పండిందంటే, కొయ్యడానికి కొడవలి సాలక రంపం తెచ్చినాడు గంగులు. ఒక్క గింజ దొర్లుకొచ్చి కాలు మీద పడితే మూడ్రోజులు కుంటినాడు. నవ్వీయండి, పరవానేదు. నన్నందరూ నవ్వడానికే పిలుస్తారు. నా పేరు కూర్మమ్మ. శృంగవరపుకోట దాటినాక కొండ కింద అరుణానంద స్వామి ఆశ్రమం ఉన్నాది కదా, అందులో ఇరవయ్యేల్లుగా పొయ్యి నాది, గెరిట నాది, వచ్చినోల్లకి స్వామి మహిమలు సెప్పే నోరు కూడా నాదే. సదువు మటుకు నాది కాదు.

ఇది సావనం. ఈ పొద్దుట పొయ్యి మీద ఉలవలు ఉడుకుతన్నాయి. వానాకాలం రెండు నెల్లు సన్నాసులు ఊరు కదలకూడదు, ఒక్క సోటే కూకోవాల. స్వామి కదలడు కాబట్టి జనం కదిలొస్తారు. ఆ జనానికి నానూ, మా ఊరి లక్ష్మణమ్మా కలిసి వొండతాం. అప్పుడొచ్చినారు ఆశ్రమం సెక్రటరీ మురళీమోహన్ గారు. హెడ్మాస్టరు సేసి రిటైరైన మనిషి. ఎనకాల కెమెరా మెడలో ఏసుకుని ఇజీనారం వినోద్. స్వామి సన్నాసం పుచ్చుకుని పాతికేల్లు నిండతన్నాయి కదా, ఆయన జీవిత సరిత్ర వీడియో తీస్తన్నారు.

"కూర్మమ్మా, పదకొండింటికి నీ వంతు. వంట ఆపక్కర్లేదు, గరిట తిప్పుతూనే చెప్పు. మహిమలు నీ అంత బాగా ఎవరూ చెప్పలేరు" అన్నారు సెక్రటరీ. ఎల్లబోతా ఆగి, "ఒక్క మాట. స్వామివారు బాలబ్రహ్మచారి అని మొదట్లోనే రావాలి. పుస్తకంలో కూడా అలాగే వేయించాం" అన్నారు.

"బాల బెమ్మచారేటి బాబూ? మరి..."

ఆయన గొంతు తగ్గించీసినారు. "అదంతా పూర్వాశ్రమం. సన్యాసి పూర్వాశ్రమం ఎత్తకూడదు. నీకు తెలియని ధర్మమా?"

ఆల్లు ఎల్లిపోనాక లక్ష్మణమ్మ గుమ్మిడికాయ మీద కత్తి ఆపీసినాది. "ఓలప్పా! ఇన్నావేటి? మొగుడు నేకండానే గుంటని కనీసినావంట నువ్వు. నీ మహిమ ముందు స్వామి మహిమ ఏపాటిది?" అని పకపకా నవ్వినాది. నానూ నవ్వీసినాను. నవ్వీసినాక ఆ మాట ఉలవల్లో రాయిలాగ పంటి కింద తగిలినాది.

అరుణానంద స్వామంటే మా ఎర్రన్నే. నా మొగుడు. ఆమదాలవలస పక్క మా ఊరు, రెండెకరాల మడి. ఉప్పెక్కువైతే కంచం ఇసిరీసీవోడు. ఒకసారి ఇసిరిన కంచం ఎంత దూరం పోనాదంటే, ఆమదాలవలస టేసన్లో ఆగున్న రైలెక్కి పలాస ఎల్లిపోనాది, అక్కడ టీటీ టిక్కెట్టడిగినాడు. ఊర్లో ఆడోల్లందరికీ ఇలగే సెప్పి నవ్వించీదాన్ని. రైలెక్కే ముందు నా నుదుటికి తగిలి ఎల్లిందని మటుకు సెప్పలేదు. ఇప్పుడదే మనిషి, నాలిక రుచిని ఎలగ జయించాలో మైకులో గంటసేపు సెప్తాడు. ఆ గంటసేపూ నాను పోపులోకి ఇంగువ సరిపోయిందో నేదో సూసుకుంటాను.

ఆడు సన్నాసుల్లో కలిసినప్పుడు మా కూతురు రాణికి మూడో యేడు. ఒక పొద్దున్నే "సోలెడు బియ్యం వొండు, నువ్వులు కూడా ఇయ్యి. పెద్దోల్లకి పెట్టుకోవాల" అన్నాడు. పెద్దోల్లంటే నాకు బయ్యం. తల మీంచి నీల్లోసుకుని, తడి కోకతోటి, మెతుకు సిదరకుండా వొండి గిన్నె సేతికిచ్చినాను. నాగావళి ఒడ్డున ఆల్ల గురువు కూకోబెట్టి ఎనిమిది ముద్దలు పెట్టించినాడంట. ఏడు ముద్దలు పెద్దోల్లకి. ఎనిమిదోది తనకి. సన్నాసి అయ్యేటోడు తన పిండం తనే పెట్టుకోవాలంట, ఎర్రన్ననే మనిషి అక్కడితో సచ్చిపోనట్టంట. మా అత్త జగ్గమ్మ వచ్చి, "ఏడవకే. నీ మొగుడు పోనేదు, దేవుడైనాడు. నా కడుపు సల్లగుండ" అన్నాది. ఆవిడ కడుపుకేటి, సల్లగానే ఉన్నాది. ఎంత సన్నాసైనా తల్లి కాల్లకి మొక్కాల, అది ధర్మమంట. పెల్లాం మొకం సూడకూడదు, అదీ ధర్మమేనంట. ఇంట్లో వొండింది మరేటీ నేదు. తిరిగొచ్చిన గిన్నె అడుగుని మిగిలిన ఆ మెతుకులే గీకి నానూ నా గుంటా తిన్నాం. నా మొగుడి పిండం నా సేత్తో వొండినాననీ, మిగిలింది నా కూతురికి పెట్టినాననీ తరవాత గానీ నాకు తట్టలేదు.

మొగుడు వొగ్గీసినాడంటే ఊరు నవ్వుతాది. మొగుడు దేవుడైపోనాడంటే దండం పెడతాది. నాను దండమే ఎన్నుకున్నాను. వరదొచ్చిన గెడ్డ మీద స్వామి నడిసెల్లినాడని సెప్పినాను. పెద్దపులొచ్చి పాదాలు నాకిందని సెప్పినాను, అది మా ఈది కుక్క. పదకొండు రోజులు పచ్చి మంచినీల్లు ముట్టకండా తపస్సు సేసినాడని సెప్పినాను, ఆ పదకొండు రోజులూ కిటికీలోంచి ఇడ్డెన్లు అందించింది నానే. సెప్పిన కొద్దీ జనం పెరిగినారు, జనం పెరిగిన కొద్దీ నా గుండిగ పెరిగినాది. అన్ని అబద్దాలు కట్టినాను గానీ, ఆ అబద్దాల్లో నాకు కాలు సాపుకునే సోటు ఒక్కటి పెట్టుకోనేదు.

ఈ వంటసాలకి ఎలగొచ్చినానంటే, పెద్ద గురువు దేహం సాలించినాక పీఠం మా ఆయనకొచ్చినాది. సన్నాసి నిప్పు ముట్టకూడదు. పొయ్యి ఎలిగించకూడదు. పరాయోల్లు పెట్టిందే తినాల. ఆ పరాయి కూడు పడక కడుపు సెడిపోయి ఎండిపోతన్నాడని కమిటీవోల్లు నాకు కబురెట్టినారు. జీతమేటని అడిగితే "స్వామి సేవకి జీతమేటమ్మా" అన్నారు. నిప్పు ఆయన వొగ్గీసినాడు, అది వచ్చి నా నెత్తి మీద కూకున్నాది. మొదటి దినం ఆకేసి వడ్డిస్తంటే తలెత్తకండా "చాలు తల్లీ" అన్నాడు. ఏ ఆడదాన్నైనా సన్నాసి తల్లీ అనే అనాలంట. అయితే అన్నాడు గానీ, పక్కలో పడుకున్నోడి నోట ఆ మాట ఇన్నదాని సెవి ఎలగ కాలతాదో ఏ గురువుకి తెల్సు?

రాణి పెల్లికి కార్డు కొట్టించినాం. పైన స్వామి ఫొటో, ఆయన ఆశీస్సులతో అని. కింద పెల్లికూతురు తండ్రి పేరు కాడ కీర్తిశేషులు ఎర్రన్న అని. నాకు అచ్చరం ముక్క రాదు, రాణే సదివి ఇనిపించినాది. ఒక్క కాయితం మీదే పైన బతికున్నాడు, కింద సచ్చిపోనాడు. పెల్లయినాక రాణి అల్లుడు ధనరాజుతో వచ్చి పాదుకలకి మొక్కి, బయటికొచ్చి సెప్పులేసుకుంటా "అమ్మా, ఇంతకీ ఆయన నాకేటవుతాడు?" అన్నాది. ఏదడిగినా కథ కట్టీసే నోటితోటి, ఆ పొద్దు మజ్జిగ తాగెల్లమని మటుకు అన్నాను.

వరలచ్చింపూజకి పసుపుకుంకం పంచితే నన్ను దాటీసి పక్కామెకి పెడతారు. మొగుడు నేనిదాన్ని కదా. పోనీ మొగుడు పోనోల్లకిచ్చే పింఛనైనా ఇమ్మని పంచాయితీకెల్తే గుమస్తా నవ్వినాడు. "మీ ఆయన మొకం ఊరూరా ఫ్లెక్సీల మీద ఉన్నాది కదమ్మా, సచ్చిపోనాడని కాయితం ఎలగిత్తాం?" అన్నాడు. అదీ నిజమే. ఫ్లెక్సీలో స్వామి పల్లు కూడా కనిపిస్తన్నాయి.

అన్నీ మింగీసినాను. ఎవులు ఒప్పుకున్నా మానినా నాను ఎర్రన్న పెల్లాన్ని, రాణి ఎర్రన్న కూతురు. అదొక్కటీ నాది అనుకున్నాను. ఇప్పుడది కూడా పుస్తకంలోంచి తీసీసినారు, తీసిన సోట నా నోటితోనే సున్నం కొట్టమంటన్నారు. ఈ పొద్దు కెమెరా ముందర బాల బెమ్మచారి అంటే, రాణి ఎవులికి పుట్టినట్టు?

లక్ష్మణమ్మని ఉలవలు సూడమని సెప్పి స్వామి గదికెల్లినాను. పులి బొమ్మున్న దుప్పటి మీద కూకున్నాడు. దండం మూలకి ఆనించి ఉన్నాది. నన్ను సూసి మొకం గోడేపు తిప్పీసినాడు.

"స్వామీ, వీడియోలో ఏటి సెప్పమంటారు?"

"సెక్రటరీగారు చెప్పమన్నట్టు చెప్పు తల్లీ."

"మరి రాణో?"

మొకం తిప్పకండానే అన్నాడు. "ఎర్రన్న మరణించాడు తల్లీ. తన పిండం తనే పెట్టుకున్నాడు. చచ్చినవాడికి భార్య ఏమిటి, బిడ్డ ఏమిటి?"

నాకు కోపం రానేదు. నిజమే కాబోలు, సచ్చిపోనోడితో నాకేటి తగువు అనుకున్నాను. దండమెట్టి గుమ్మం దాటతన్నాను. అప్పుడు ఎనకనించి పిలిసినాడు.

"తల్లీ. నిన్న ఉలవచారులో ఉప్పు కొంచెం ఎక్కువైంది."

అక్కడే నిలబడిపోనాను. సెయ్యి దానంతటదే నుదుటి మీదకెల్లినాది. ఆ గొంతు నాకు తెల్సు. పాతికేల్లయినా మరిసిపోనేదు. ఎర్రన్న ఏటీ సచ్చిపోనేదు. ఉప్పు కాడ ఉన్నాడు.

పదకొండింటికి వినోద్ కెమెరా గుండిగ ముందర పెట్టినాడు. పక్కని సెక్రటరీ గారు కుర్సీ ఏసుకున్నారు. "సెప్పు పిన్నీ" అన్నాడు వినోద్. మొదలెట్టినాను. గెడ్డ మీద నడిపించినాను. పులిని రప్పించినాను, ఈసారి దానికి రెండు పిల్లల్ని కూడా పుట్టించినాను. వినోద్ నవ్వు ఆపుకోలేక కెమెరా కదిలిపోతన్నాది. సెక్రటరీ గారు సెయ్యూపి 'బాల, బాల' అని పెదాల్తో గుర్తు సేస్తన్నారు.

"ఒకటుండిపోనాది బాబూ. అన్నిట్లోకీ పెద్ద మహిమ" అన్నాను. "ఒక మనిషి సచ్చిపోనాడు. తన పిండం తనే పెట్టుకున్నాడు. ఆ అన్నం వొండింది ఆడి పెల్లాం. ఆడికి మూడేల్ల కూతురు. సచ్చిపోనాక ఇరవయ్యేల్లుగా ఆ పెల్లాం సేతి కూడే తింటన్నాడు. ఈ పొద్దు ఉప్పెక్కువైందన్నాడు. సచ్చినోడికి ఉప్పు తెలిసిన మహిమ నువ్వెక్కడైనా ఇన్నావేటి?"

"బలే కట్టినావు పిన్నీ!" అని వినోద్ తొడ మీద కొట్టుకున్నాడు.

సెక్రటరీ గారు నవ్వలేదు. "కెమెరా ఆపు" అన్నారు.

వినోద్ ఆపీసినాడు. నాను ఆపలేదు. గుండిగలోంచి పిడికెడు అన్నం తీసినాను. సెయ్యి కాలినాది, కాలనీ అనుకున్నాను. ముద్ద సేసి, పోపుల డబ్బాలోంచి నువ్వులు జల్లి, ఆకులో పెట్టి పెరటి గోడ మీద పెట్టినాను.

"ఏమిటమ్మా అది?"

"పిండం బాబూ."

"ఎవరికి?"

"కూర్మమ్మకి."

ఆయన కుర్సీలోంచి లేసిపోనారు. "ఆడవాళ్లు పిండం పెట్టకూడదు! శాస్త్రం ఒప్పుకోదు!"

"వొండితే ఒప్పుకున్నాది కదా బాబూ" అన్నాను.

నాను గేస్ బండ కట్టీసినాను. ఉలవలు సగం ఉడికి ఆగిపోనాయి. గెరిట కడిగి బోర్లించినాను. లక్ష్మణమ్మ నోట్లో కోక కొంగు కుక్కుకుని సూస్తన్నాది, నవ్వో ఏడుపో నాకు తెల్దు. నా సంచీ గోడకి ఏలాడతన్నాది, రెండు కోకలు, రాణి పెల్లి కార్డు. ఎచ్చెర్ల యూనివర్సిటీ ఆఫీసులో రాణి పని. సాయంత్రానికి ఎల్లిపోతాను. వొండమంటే దానికీ వొండను. ఆయన నీకేటవుతాడో సెప్తాను. పులి నేకండా, గెడ్డ నేకండా, జరిగింది జరిగినట్టు. అది నమ్మితే నమ్ముతాది.

గోడ మీదకి కాకొచ్చి వాలినాది. సెక్రటరీ గారు నా ఎనకాల గుమ్మం వరకూ వచ్చినారు. "కూర్మమ్మా, బయట మూడొందల మంది పంక్తిలో ఉన్నారు. స్వామివారి భిక్షకి వేళవుతోంది. నువ్వెళితే వంట ఎవరు చేస్తారు?"

"ఏటి సెప్పను బాబూ. సచ్చిపోనోల్లు తినడం సూసినాను గానీ, వొండడం నానెక్కడా సూల్లేదు."